అర్హతలన్నీ లేనివారు

ప్రెస్సులో ఆవిడను అందరూ అచ్చుతప్పులక్క అంటారు. ఆ పేరులో ఎగతాళి ఎంతుందో భయమూ అంతే ఉంది. పదిహేడో ఏట కాపీ చదివే పనికి చేరింది. అంటే ప్రూఫులు దిద్దే పెద్దాయన పక్కన కూర్చుని, రాతప్రతిని కామాలూ ఫుల్‌స్టాపులతో సహా పైకి చదవడం. మూడేళ్లకు పెద్దాయన చూపు మందగించి, ఎర్రకలం ఆమె చేతికిచ్చి ఇంటికి వెళ్లిపోయాడు. ఇప్పుడు ఆమెకు నలభై ఆరు. పాఠ్యపుస్తకాలు, మందు సీసాల మీద అంటించే చీటీలు, బడి ప్రోగ్రెస్ కార్డులు, 'కుక్క ఉన్నది జాగ్రత్త' బోర్డులు, అన్నీ ఆ ఎర్రకలం కింద నుంచి దూరి లోకంలోకి వెళ్లినవే. పెళ్లయిన కొత్తలో మొగుడు పొరుగూరి నుంచి రాసిన ప్రేమలేఖలో ఏడు తప్పులు దిద్ది తిరుగు టపాలో పంపిందని ప్రెస్సులో చెప్పుకుంటారు. అది పచ్చి అబద్ధం. తప్పులు ఐదే.

పెద్దాయన వెళ్తూ వెళ్తూ ఒక్క మాట చెప్పాడు. "అమ్మాయీ, కాగితం మీద ఉన్నది చదువు. ఉందనుకున్నది చదవకు."

వినడానికి ఇదేమంత గొప్పగా ఉండదు గానీ, చేసి చూస్తే తెలుస్తుంది. మన కళ్లు మహా సోమరివి. మాటలో సగం చూసి మిగతా సగం అవే పూర్తి చేసుకుంటాయి. 'పుస్కతం' అని ఉన్నా 'పుస్తకం' అని చదివేసుకుని హాయిగా ముందుకు పోతాయి. అందుకే ప్రూఫులు చూసేవాళ్లు అర్థంలోకి దిగరు. దిగారా, కథ బావుందనో మాట బావుందనో చదువుకుంటూ పోతారు, తప్పు పక్కనుంచి జారుకుంటుంది. అక్క ఇరవై తొమ్మిదేళ్లలో వేల పుస్తకాలు అక్షరం పొల్లుపోకుండా చదివింది. ఏ పుస్తకంలో ఏముందో చెప్పమంటే మాత్రం వెర్రిమొహం వేస్తుంది. అంతటి నిష్ఠ తర్కం మాస్టారి పుస్తకం దగ్గర చెడింది.

ఈ మాస్టారు సాయంకాలం కళాశాలలో గణిత తర్కం చెప్తాడు. పగలు ఉద్యోగాలు చేసుకునేవాళ్లు ఐదున్నర నుంచి ఏడున్నర దాకా వచ్చి చదువుకునే కాలేజీ అది. రుజువంటే ఏమిటి, ఒక మాట నుంచి ఇంకో మాట ఎప్పుడు వస్తుంది, ఎప్పుడు రాదు అనే సంగతి మీద ఆయన నాలుగు వందల పేజీలు రాశాడు. ఆ ప్రూఫులు అక్క బల్ల మీదికి వచ్చాయి. విప్పి చూస్తే ఏముంది, ఘోరం. పేజీ పేజీలోనూ ఇంగ్లీషు 'ఏ' అక్షరం కాళ్లు పైకి పెట్టి తలమీద నిలబడి ఉంది. దాని పక్కన 'ఈ' అక్షరం ఎవరితోనో అలిగినట్టు గోడవైపు తిరిగి ఉంది.

"కంప్యూటర్లో అక్షరం దానంతటది తిరగబడదక్కా," అన్నాడు టైపు చేసిన ఆపరేటరు.

"అయితే నువ్వే తిరగేశావన్నమాట," అంది అక్క.

మూడు వందల పన్నెండు చోట్ల మార్జిన్‌లో 'అక్షరం తిరగబడింది, సరిచేయాలి' అనే గుర్తు పెట్టి కట్టను రచయితకు పంపేసింది. నాలుగో రోజున రచయితే ఊడిపడ్డాడు. సన్నగా ఉన్నాడు. చొక్కా జేబు దగ్గర సుద్దపొడి, చంకలో ప్రూఫుల కట్ట. ప్రెస్సు ఓనరు లేచి నిలబడి, "కందకు లేని దురద కత్తిపీటకెందుకమ్మా అని చెప్తూనే ఉంటానండీ, వింటేగా," అంటూ ముందే నేరం ఒప్పేసుకున్నాడు. మాస్టారు ఆయన్ని దాటుకుని కిటికీ పక్కనున్న ఏటవాలు బల్ల దగ్గరికి వచ్చాడు.

"అమ్మా, ఇవి తిరగబడ్డవి కావు. మేమే తిరగేశాం."

"తిన్నగా ఉంటే దానికేం రోగమండీ?" అంది అక్క.

మాస్టారికి నవ్వొచ్చి, ఆ నవ్వు దగ్గయ్యి, నీళ్లు తాగాక గానీ తగ్గలేదు. తర్వాత స్టూలు లాక్కుని కూర్చున్నాడు. తలకిందులైన 'ఏ' అంటే 'అన్నిటికీ' అని అర్థం. అటు తిరిగిన 'ఈ' అంటే 'కనీసం ఒక్కటైనా ఉంది' అని అర్థం. "ఈ రెండు మాటలూ సరిగ్గా వాడటం రాకే లోకంలో సగం తగాదాలమ్మా," అన్నాడు.

"మరి మిగతా సగం?"

"'అయితే' అనే మాట వాడటం రాక."

ఆయన వెళ్లాక అక్క తను పెట్టిన మూడు వందల పన్నెండు గుర్తులనూ కొట్టేసి, ఒక్కోదాని కింద 'ఉన్నదున్నట్టు ఉంచాలి' అని చుక్కలు పెట్టాల్సి వచ్చింది. ఆ పని చేస్తూ చేస్తూ ఆమె చేయకూడని పని చేసింది. అర్థంలోకి దిగింది. 'ఈ గదిలో ఉన్న ఏనుగులన్నీ ఆకుపచ్చవే' అనే వాక్యం నిజమేనని నలభయ్యో పేజీలో ఉంది. గదిలో అసలు ఏనుగే లేనప్పుడు ఆకుపచ్చగా లేని ఏనుగును ఎవరూ తెచ్చి చూపించలేరు కదా, కాబట్టి నిజమేనట. అక్క ఎర్రకలం మూత పెట్టి, కిటికీలోంచి చాలాసేపు బయటికి చూసింది. ఆ అధ్యాయంలో ఆమె పదకొండు అచ్చుతప్పులు వదిలేసింది. ఓనరు ఆమెకు జ్వరం వచ్చిందనుకున్నాడు.

ఏనుగుల సంగతి ఇంటికెళ్లి అత్తగారికి చెప్పింది.

"ఆలూ లేదు చూలూ లేదు, కొడుకు పేరు సోమలింగం అని మేం ఎప్పుడో అన్నాం," అంది అత్తగారు. "దానికి నాలుగొందల పేజీలెందుకు?"

తర్వాతి నెలలో కాలేజీ నోటీసు అచ్చుకొచ్చింది. మాస్టారే చెప్పే ఆర్నెల్ల కోర్సు, చివర పరీక్ష, పాసైతే సర్టిఫికెట్. కింద మూడు అర్హతలు. ఒకటి, పదో తరగతి పాసై ఉండాలి. రెండు, ఇంటర్లో గణితం చదివి ఉండాలి. మూడు, వయసు నలభై దాటకూడదు. వాటి పైన ఒక వాక్యం: 'కింది అర్హతలన్నీ లేనివారు దరఖాస్తు చేసుకోరాదు.'

అక్క అక్షరం అక్షరం చూసింది. అచ్చుతప్పులు లేవు. తన దగ్గర పదో తరగతి ఒక్కటే ఉంది. ఇంటర్‌కు వెళ్లలేదు. నలభై ఎప్పుడో దాటింది. అయినా అది దిద్దే తప్పు కాదు కాబట్టి కాగితం మీద సంతకం చేసి అచ్చుకు పంపేసింది.

అలా ఆ కథ అక్కడే ముగిసిపోయేది. ముగియకుండా కాపాడింది అత్తగారే. ఒక ఆదివారం మధ్యాహ్నం అత్తగారి వైపు చుట్టాలు ఐదుగురు భోజనానికి వచ్చారు. ముందుగదిలో అక్క వడ్డిస్తోంది. వంటింట్లోంచి అత్తగారు కేకేసింది.

"అందరూ తిన్నారా?"

"అందరూ తినలేదత్తయ్యా!" అని అక్క తిరిగి కేకేసింది.

ముగ్గురు తిన్నారు, ఇద్దరు మిగిలారు అని అక్క ఉద్దేశం. ఒక్కరూ తినలేదు కాబోలు, వండింది చాలలేదేమో అని అత్తగారి ఉద్దేశం. ఆవిడ మళ్లీ ఎసరు పెట్టేసింది. గిన్నె దించి చూస్తే ముందుగదిలో అందరూ చేతులు కడుక్కుని కూర్చుని ఉన్నారు.

"అందరూ తినలేదంటే ఏమిటర్థం? ఎవరూ తినలేదనేగా!" అంది అత్తగారు.

"కాదత్తయ్యా, కొందరు తిన్నారు, కొందరు తినలేదని."

"నా కొడుకును అడుగు!"

ఆ కొడుకు, అంటే అక్క మొగుడు, లిఫ్టు మెకానిక్. ఇంట్లో ఇద్దరాడవాళ్ల మధ్య ఇరవై నాలుగేళ్లుగా కిందికీ పైకీ తిరుగుతున్న మనిషి. "ఇద్దరి మాటా కరెక్టే," అన్నాడు. "మిగిలింది మాత్రం రెండ్రోజులు నేనే తినాలి, అదీ కరెక్టే."

అందరూ నవ్వుతున్నారు. అక్క నవ్వలేదు. గరిటె పట్టుకుని గది మధ్యలో నిలబడిపోయింది. "అర్హతలన్నీ లేనివారు," అంది పైకి. "అర్హతలన్నీ లేనివారు రాకూడదు."

"ఏమైందే నీకు?" అంది అత్తగారు.

అయిందేమిటంటే, ఆ వాక్యాన్ని అందరూ ఒకలాగే చదివారు. మూడింటిలో ఏ ఒక్కటి లేకపోయినా రాకూడదని. కానీ 'అందరూ తినలేదు' అంటే 'ఎవరూ తినలేదు' అయినప్పుడు, 'అన్నీ లేనివారు' అంటే 'ఒక్కటీ లేనివారు' ఎందుకు కాకూడదు? ఒక్కటీ లేనివాళ్లు రాకూడదు. తనకు ఒకటుంది! సోమవారం భోజనం వేళకు ప్రెస్సు నుంచి వెళ్లి దరఖాస్తు ఇచ్చేసి వచ్చింది. అక్కడ తీసుకున్న ఉద్యోగి తల కూడా ఎత్తకుండా ముద్ర వేశాడు. కోర్సుకు పెద్దగా గిరాకీ లేదు. చేరినవాళ్లు ఇరవై మంది, అక్కతో ఇరవై ఒక్కరు.

ఆ ఆర్నెల్లూ అక్క ఎంత సంతోషంగా ఉందో చెప్పాలంటే నాకే అసూయగా ఉంటుంది. మొదటి వారం క్లాసులో అందరూ ఆమెను ఆంటీ అన్నారు. రెండో నెలకు హోంవర్క్ చూపించండక్కా అంటున్నారు. మిగతావాళ్లు రుజువు చదివి 'ఆఁ, సరే' అనుకునే చోట ఆమె ఆగిపోయేది. "మూడో వరస నుంచి నాలుగో వరస ఎలా వచ్చింది మాస్టారూ? నాకు కనపడటం లేదు." మాస్టారు వెనక్కి తిరిగి బోర్డు చూసుకుని, ఒక్కోసారి మధ్యలో ఇంకో వరస ఇరికించేవాడు. రుజువులో అర్థమయినట్టు అనిపించడానికి విలువ లేదనీ, ప్రతి అడుగూ కాగితం మీద ఉండాలనీ ఆయన రోజూ చెప్పేవాడు. ఇరవై మందికి అది కొత్త శాస్త్రం. అక్కకు అది ఇరవై తొమ్మిదేళ్ల ఉద్యోగం.

ఇంట్లోవాళ్లకు మాత్రం బతుకు దుర్భరమైంది. "టీ గానీ కాఫీ గానీ ఇవ్వనా?" అని అత్తగారు అడిగితే "ఊఁ" అనేది. తర్కం ప్రకారం అది సరైన జవాబేనట. 'అయితే' పాఠం జరిగిన వారంలో అయితే పెద్ద రభసే అయింది. మాస్టారు ఇంటి నుంచి ఉదాహరణలు రాసుకు రమ్మన్నాడు. అత్తగారు రోజూ అనే మాట, అబద్ధం చెప్తే కళ్లు పోతాయని. అక్క దాన్ని నోటుబుక్కులో రాసుకుంటూ, "మరి మీకు శుక్లాలొచ్చాయి కదత్తయ్యా," అని నోరు జారింది.

"అంటే నేను అబద్ధాలకోరునా?" అత్తగారు ఆ పూట అన్నం మానేసింది. "చదవేస్తే ఉన్న మతి పోయిందని, దీన్నే అంటారు!"

మరునాడు అక్క బతిమాలుకుంది. "అది తప్పత్తయ్యా, మాస్టారు చెప్పారు. అబద్ధం చెప్తే కళ్లు పోతాయన్నంత మాత్రాన, కళ్లు పోయినవాళ్లందరూ అబద్ధం చెప్పినట్టు కాదు. తిరగేసి చదవకూడదు."

"ఆ సంగతి చెప్పడానికి మాస్టారు కావాలా?" అంది అత్తగారు. కానీ ఆ సాయంత్రం నుంచి అక్క క్లాసుకు వెళ్లేటప్పుడు సంచిలో పండో బిస్కెట్లో పెట్టడం మొదలుపెట్టింది. చదువుకునేవాళ్లకు ఆకలి ఎక్కువని ఆవిడ నమ్మకం.

పరీక్ష రెండు వారాలుందనగా పిడుగు పడింది. హాల్ టికెట్లు పంచుతున్న కాలేజీ సూపరింటెండెంటు అక్క కాగితాలు చూసి, కళ్లజోడు తీసి తుడుచుకుని మళ్లీ చూశాడు.

"మీకు ఇంటర్ లేదు. వయసు కూడా దాటింది. మిమ్మల్నెవరు రానిచ్చారమ్మా?"

అక్క నోటీసు తీసి చూపించింది. అన్నీ లేనివారు అంటే ఒక్కటీ లేనివారు అని వివరించింది. ఆయన రెండు నిమిషాలు విని చెయ్యి ఊపాడు. "ఈ చమత్కారాలు నా దగ్గర కాదు. హాల్ టికెట్ కుదరదు. పరీక్ష లేదు."

నేను పట్టిన కుందేలుకు మూడే కాళ్లనే రకం ఆయన. అక్క మాస్టారి గదికి పరిగెత్తింది. ఆయన అంతా విన్నాడు. చాక్‌పీసు వేళ్ల మధ్య తిప్పుతూ కూర్చున్నాడు.

"గురువారం ఐదింటికి ఆయన్ని ఇక్కడికి పిలుస్తాను. మీకు అర్హత ఉందని ఆ నోటీసు నుంచి రుజువు చెయ్యండి. చేస్తే నేను సంతకం పెడతా, ఆయన కాదనలేరు. చెయ్యలేకపోతే పెట్టను. జాలిపడి పెట్టానంటే ఈ ఆర్నెల్లూ నేను చెప్పినదంతా దండగే."

బస్సులో అక్కకు ఏడుపొచ్చింది. పదో తరగతిలో ఆమె స్కూలుకు ఫస్టు. ఆ వేసవిలో తల్లికి జబ్బు చేస్తే, ఆర్నెల్లు పని చేసి మళ్లీ చదువుకుంటానని ప్రెస్సులో చేరింది. ఆ ఆర్నెల్లు ఇరవై తొమ్మిదేళ్లయ్యాయి. ఎవరినీ నిందించింది లేదు. కానీ ఎంతమంది రాసిన పుస్తకాలో తన చేతుల మీదుగా వెళ్లాయి, ఎన్ని వేల సర్టిఫికెట్ల నమూనాలు దిద్దింది, తనదంటూ ఒక్క కాగితం లేదు. ఆమెకు ఆ సర్టిఫికెట్ కావాలి. జీతం పెరుగుతుందని కాదు, ఎవరికో చూపించుకోవాలని కాదు. ఊరికే, చచ్చేంతగా కావాలి.

రుజువు రాయడం మొదలుపెట్టింది. ఒక్కో అడుగుకూ నంబరు వేసింది. అర్హతలన్నీ లేనివారు, అంటే ఒక్కటీ లేనివారు, రాకూడదు. నాకు ఒకటుంది. కాబట్టి నేను ఒక్కటీ లేనిదాన్ని కాను. కాబట్టి నేను రావచ్చు. మొత్తం పదిహేడు అడుగులు, రెండు పేజీలు, అచ్చుతప్పులు లేకుండా. శనివారం దాన్ని శుభ్రంగా తిరగరాసి మడిచి పెట్టుకుంది.

ఆదివారం పొద్దున ఉతికిన బట్టలు మడతపెడుతుంటే, మొగుడు టిఫిన్ తింటూ నిన్నటి గొడవ చెప్పుకొచ్చాడు. ఒక అపార్ట్‌మెంటులో నాలుగో అంతస్తావిడ కంప్లయింట్ ఇచ్చిందట. లిఫ్టులో బోర్డు ఉంది: 'తలుపు మూయకపోతే లిఫ్టు కదలదు.' ఆవిడ తలుపు మూసి పది నిమిషాలు నిలబడిందట. కదల్లేదు.

"బోర్డు అబద్ధమా అని నా మీద విరుచుకుపడిందే! నేనన్నా, అమ్మా, ఎప్పుడు కదలదో బోర్డులో ఉంది. ఎప్పుడు కదుల్తుందో ఉందా? తలుపు మూసినా బటన్ నొక్కాలిగా! ఆవిడ బటనే నొక్కలేదు."

అక్క చేతిలో లుంగీ సగం మడతలోనే ఉండిపోయింది.

"మళ్లీ చెప్పండి," అంది.

"ఏం చెప్పను? బటన్ నొక్కలేదు."

"అది కాదు. అంతకుముందు."

"ఎప్పుడు కదలదో ఉంది, ఎప్పుడు కదుల్తుందో లేదు."

అక్క లేచి వెళ్లి తన రెండు పేజీలు తెచ్చి పదహారో అడుగు దగ్గర వేలు పెట్టింది. ఒక్కటీ లేనివాళ్లు రాకూడదు. తను ఒక్కటీ లేనిది కాదు. ఇంతవరకూ సరే. దాన్నుంచి 'రావచ్చు' ఎలా వచ్చింది? నోటీసు రాకూడనివాళ్లెవరో చెప్పింది. రాదగినవాళ్లెవరో చెప్పనే లేదు. అత్తగారి శుక్లాల దగ్గర చేసిన తప్పే మళ్లీ చేసింది. వాక్యాన్ని తిరగేసి చదివింది. ప్రెస్సులో అందుకే, రాసినవాళ్లు తమ ప్రూఫు తాము చూసుకుంటే ఒప్పుకోరు. సొంత రాత దగ్గర ఎవరి కళ్లయినా సోమరివే.

"పోయింది," అంది. "నా రుజువు పోయిందండీ."

మొగుడు చెయ్యి కడుక్కుని వచ్చి పక్కన కూర్చున్నాడు. ఆమె చెప్పినదంతా విన్నాడు. "ఆ సూపరింటెండెంటుకు ఇది తెలుస్తుందా?"

"తెలీదు."

"మాస్టారికి?"

"తెలియొచ్చు. తెలియకపోనూ వచ్చు. పదహారో అడుగు చూడ్డానికి బాగానే ఉంటుంది."

"మరింకేం? ఇచ్చెయ్. పాఠం నీకు రాకపోతే కదా తప్పు!"

"నాకు తెలిసిపోయింది కదండీ," అంది అక్క. లిఫ్టు తాడు ఒక పోగు తెగిందని తనకొక్కడికే తెలిసినప్పుడు ఏం చేయాలో ఆ మనిషికీ తెలుసు.

నాలుగు రోజులు వెతికింది. నోటీసును ముందు నుంచి, వెనక నుంచి, ఆఖరికి కింద అచ్చయిన ప్రెస్సు పేరుతో సహా చదివింది. పదహారో అడుగు కింద పెట్టడానికి ఒక్క వాక్యం దొరకలేదు. వెళ్లడం మానేద్దామనుకుంది. గురువారం నాలుగింటికి అత్తగారే చెప్పుల జత తెచ్చి గుమ్మంలో పెట్టింది. "పోనీ ఓడిపోయే రా. ఇంట్లో కూర్చుని ఓడిపోతే నేను చూళ్లేను."

మాస్టారి గదిలో మూడు కుర్చీలు, ఒక నల్లబోర్డు, బీరువా మీద దుమ్ముపట్టిన గ్లోబు. సూపరింటెండెంటు ఫైలు ఒళ్లో పెట్టుకుని ముందే వచ్చి ఉన్నాడు. అక్క కూర్చోగానే ఆయనే అందుకున్నాడు.

"ఈ నోటీసు ప్రూఫు చూసింది మీరేనటగా? అప్పుడు మీరెలా చదివారు? అన్నీ ఉండాలనా, ఒక్కటి చాలనా?"

అక్క నిజం చెప్పింది. "అన్నీ ఉండాలనే చదివానండీ. మీలాగే."

"ఇంకేం మరి!" ఆయన ఫైలు మూసేశాడు.

"ఆమె ఎలా చదివిందన్నది కాదండీ ప్రశ్న. కాగితం ఏం చెప్తోందన్నది," అన్నాడు మాస్టారు. "ఆ మాటకు రెండర్థాలూ వస్తాయి. సందేహముంటే లాభం చదివినవాళ్లకే ఇద్దాం. ఒక్కటీ లేనివాళ్లే రాకూడదు, సరే. చెప్పండమ్మా, అక్కడి నుంచి మీ రుజువు."

అక్క కాగితాలు బల్ల మీద పెట్టింది. "పదిహేనో అడుగు దాకా వచ్చింది మాస్టారూ. పదహారు రాలేదు."

"అంటే?"

"నోటీసు రాకూడదన్నవాళ్లలో నేను లేను. అంతవరకే వచ్చింది. రాదగినదాన్నని రాలేదు. రాకూడనివాళ్లెవరో నోటీసులో ఉంది, రాదగినవాళ్లెవరో లేదు. ముందు నాకు కనపడలేదు. ఆదివారం కనపడింది. అంచేత..." కాగితాలు తిరిగి మడిచింది. "అంచేత నాకు అర్హత ఉందని నేను రుజువు చెయ్యలేను."

సూపరింటెండెంటు నిజంగానే ఊరట చెందాడు. పాపం చెడ్డవాడు కాదు, సాయంత్రం బస్సు తప్పిపోతుందని బెంగ. "చూశారా, ఆవిడే ఒప్పుకున్నారు," అంటూ లేవబోయాడు.

మాస్టారు కదల్లేదు. నోటీసును కళ్లకు దగ్గరగా పెట్టుకుని చాలాసేపు చదివాడు. అది ఆయన రాయించిన నోటీసే. తర్వాత కాగితాన్ని సూపరింటెండెంటు ముందుకు జరిపాడు.

"ఒక్క నిమిషం కూర్చోండి. మన మొదటి బెంచీ కుర్రాడున్నాడు. పది పాస్, ఇంటర్ గణితం, వయసు ఇరవై రెండు. మూడూ ఉన్నాయి. అతనికి అర్హత ఉందని దీన్నుంచి మీరు రుజువు చెయ్యండి."

"అదేమిటండీ! అన్నీ ఉన్నాయిగా!"

"ఉన్నాయి. ఉంటే రావచ్చని ఎక్కడుంది?"

సూపరింటెండెంటు కాగితం చూశాడు. వెనక్కి తిప్పి చూశాడు. వెనకంతా తెల్లగా ఉంది. "లేనివాళ్లు రాకూడదంటే... ఉన్నవాళ్లు రావచ్చనేగా..." అని నసిగాడు.

"కాదు," అన్నారు మాస్టారూ అక్కా ఒకేసారి.

"ఇరవై మందికీ హాల్ టికెట్లు ఇచ్చారు కదా," అన్నాడు మాస్టారు. "ఏ రుజువు చూసి ఇచ్చారు?"

"వాళ్లకు రుజువెందుకండీ?" సూపరింటెండెంటు విసిగిపోయి గొంతు పెంచాడు. "వాళ్లను చూస్తేనే తెలుస్తుంది కదా, చదువుకోడానికొచ్చారని!"

అక్క తల ఎత్తింది. కోపం వస్తే అరవడం ఆమెకు చేతకాదు. చదువుతున్న కాగితంలో అర్థం కాని మాట తగిలితే రచయితను ఎలా అడుగుతుందో, అంత నెమ్మదిగా అడిగింది.

"నన్ను చూస్తే తెలియదాండీ?"

సూపరింటెండెంటు ఆమెను చూశాడు. ఆర్నెల్లుగా తన కిటికీ ముందు నుంచే, భుజాన సంచీ, వేళ్లకు ఎర్రసిరా మరకలతో, వానొచ్చినా ఎండొచ్చినా ఐదూ ఇరవైకల్లా వెళ్లే మనిషిని ఇప్పుడు మొదటిసారి చూస్తున్నట్టు చూశాడు. మాస్టారు కిటికీవైపు తిరిగి దగ్గాడు, దగ్గు రాకపోయినా.

ఆ తర్వాత సూపరింటెండెంటు ఫైలు మళ్లీ ఒళ్లో విప్పి, ఇరవయ్యో హాల్ టికెట్ తర్వాత ఖాళీగా ఉన్నదాన్ని పైకి తీశాడు. కలం మూత తీసి, "మీ పూర్తి పేరు చెప్పండమ్మా," అన్నాడు.